ఉప్సాలా లెక్కల్లో మన ఎన్‌కౌంటర్లు: ఒక ఉచిత డేటా సేవను వాడి చూశాక

అడవిలో పోలీసుల చేతిలో మనిషి చనిపోతే మరునాడు తెలుగు పత్రికలు ‘ఎదురుకాల్పులు’ అని రాస్తాయి. పౌరహక్కుల సంఘాలు ఆ మాట ముందు ‘బూటకపు’ అన్న విశేషణం చేర్చి ప్రకటన ఇస్తాయి. ఈ రెండు మాటల మధ్య దూరమే నలభై ఏళ్ల తెలుగు పౌరహక్కుల ఉద్యమ చరిత్ర. అదే సంఘటన స్వీడన్‌లోని ఉప్సాలా విశ్వవిద్యాలయం నడిపే ఘర్షణల డేటాబేస్‌లోకి చేరేసరికి స్ప్రెడ్‌షీటులో ఒక వరుస అవుతుంది: తేదీ, అక్షాంశ రేఖాంశాలు, ఎవరికీ ఎవరికీ మధ్య, ఎటువైపు ఎందరు. ఉప్సాలా కాన్‌ఫ్లిక్ట్ డేటా ప్రోగ్రామ్, అంటే యూసీడీపీ అనే ఈ సేవను తెలంగాణ, ఆంధ్ర జిల్లాల్లో 1990ల తర్వాతి రాజకీయ హింస గురించిన ఒక పని కోసం కొంతకాలంగా వాడుతున్నాను. రాజకీయ శాస్త్రం, చరిత్ర, జర్నలిజం చదివే మన విద్యార్థులకు ఇది ఎంతవరకు పనికొస్తుందో, ఎక్కడ చేతులెత్తేస్తుందో చెప్పడం ఈ సమీక్ష ఉద్దేశం.

ముందు సేవ సంగతి. ఉప్సాలాలో శాంతి, ఘర్షణల పరిశోధన విభాగం 1971లో మొదలైంది. పీటర్ వాలెన్‌స్టీన్ నాయకత్వంలో అక్కడ ఘర్షణల నమోదు దశాబ్దాలుగా సాగింది. ప్రభుత్వం ఒక పక్షంగా ఉన్న ఘర్షణల జాబితా 1946 నుంచీ ఉంది. దానిని నార్వేలోని శాంతి పరిశోధన సంస్థ ప్రియోతో కలిసి తయారుచేశారు. మనబోటివారికి అసలు ఉపయోగపడేది మాత్రం జీఈడీ అని పిలిచే సంఘటనల ఫైలు. ఇది 1989 నుంచి మొదలై ఏటా కొత్త కూర్పుగా వస్తుంది. తాజా సంఘటనల ముసాయిదా నెలనెలా వేరే ఫైలుగా వస్తుంది. మొత్తం 3 లక్షలకు పైగా వరుసలున్న ఈ ఫైలును రిజిస్ట్రేషన్ లేకుండా, పైసా ఖర్చు లేకుండా దించుకోవచ్చు, ఎక్సెల్‌లో తెరుచుకుంటుంది. మూలాన్ని పేర్కొంటే చాలు, ఎవరైనా ఏ పనికైనా వాడుకోవచ్చు. విశ్వవిద్యాలయ గ్రంథాలయం చందా కడితే తప్ప వ్యాసం కూడా తెరుచుకోని ఈ కాలంలో, జిల్లా కేంద్రంలోని డిగ్రీ కళాశాల అధ్యాపకుడికి ఇది చిన్న సౌకర్యం కాదు. వెబ్‌సైటులోని మ్యాపును ఫోనులో చూసి తృప్తి పడవచ్చు గానీ, నిజంగా పని చేయాలంటే కంప్యూటరు ముందు కూర్చోవలసిందే. అంతా ఇంగ్లీషులోనే ఉంటుంది.

ఫైలుతో పాటు వచ్చే కోడ్‌బుక్, అంటే దేన్ని ఎలా లెక్కించారో చెప్పే నియమాల పుస్తకం, చదవకుండా అంకెలు ముట్టుకోవద్దని నా మొదటి సలహా. హింసను వీరు మూడు రకాలుగా విభజిస్తారు. ప్రభుత్వం ఒక పక్షంగా, వ్యవస్థీకృత సాయుధ బృందం రెండో పక్షంగా జరిగేది మొదటిది; ప్రభుత్వేతర బృందాలు ఒకదానితో ఒకటి తలపడేది రెండోది; ప్రభుత్వం గానీ వ్యవస్థీకృత బృందం గానీ నిరాయుధులైన పౌరులను ఉద్దేశపూర్వకంగా చంపేది మూడోది, దీనినే ఏకపక్ష హింస అంటారు. ఏ రకమైనా ఒక క్యాలెండరు సంవత్సరంలో కనీసం 25 మంది చనిపోతేనే లెక్కకు అర్హత వస్తుంది. 1000 దాటితే అది యుద్ధం. తలపడే రెండు పక్షాల జంట ఏదైనా ఏదో ఒక ఏడాది ఆ గీత దాటితే, గీత దాటని మిగతా ఏళ్లలోని సంఘటనలు కూడా ఫైలులో ఉంటాయి. ఏ ఏడాది అర్హమైనదో, ఏది కాదో చెప్పడానికి వేరే కాలమ్ ఉంది. 1980లో కొండపల్లి సీతారామయ్య స్థాపించిన పీపుల్స్ వార్, 2004 సెప్టెంబరులో మావోయిస్టు కమ్యూనిస్టు సెంటర్ (ఎంసీసీ)తో విలీనమై ఏర్పడిన మావోయిస్టు పార్టీ వీరి జాబితాలో భారత ప్రభుత్వానికి ఎదురుగా వేర్వేరు పక్షాలుగా కనిపిస్తాయి కనుక, రెండు పేర్లతోనూ వెతకడం మరిచిపోకూడదు.

నాకు బాగా నచ్చినది మృతుల సంఖ్యను వీరు మూడు అంకెలుగా రాసే పద్ధతి: తక్కువ అంచనా, నమ్మదగిన అంచనా, ఎక్కువ అంచనా. మూలాలు ఒకదానితో ఒకటి విభేదిస్తే ఆ విభేదం ఫైలులోనే మిగులుతుంది. మనకు ఇది కొత్త కాదు. 1981 ఏప్రిల్ 20న ఇంద్రవెల్లిలో గోండుల మీద జరిగిన కాల్పుల్లో ప్రభుత్వం 13 మంది చనిపోయారంది; పౌరహక్కుల సంఘాలు చెప్పిన సంఖ్య దానికి ఎన్నో రెట్లు. ఇన్నేళ్లయినా ఆ రెండు అంకెలు ఒకదాన్నొకటి ఓడించలేకపోయాయి. ఇంద్రవెల్లి 1989కి ముందుది కాబట్టి ఈ ఫైలులోకి రాదు గానీ, అటువంటి సంఘటనకు ఒక్క అంకె రాసి చేతులు దులుపుకోకుండా ఉండే నిజాయితీ ఈ పద్ధతిలో ఉంది. అలాగే స్థలం ఎంత కచ్చితంగా తెలుసో చెప్పే కాలమ్ ఒకటి ఉంది: 1 అంటే సరిగ్గా ఆ ఊరే, 2 అంటే ఆ ఊరి పరిసరాలు, 3 అంటే జిల్లా మాత్రమే తెలుసు. ఇది చూడకుండా మ్యాపు గీస్తే, ‘కరీంనగర్ జిల్లా అడవుల్లో’ అని మాత్రమే రాసిన వార్త పుణ్యమా అని జిల్లాకంతటికీ నిలబెట్టిన ఒకే చుక్క దగ్గర శవాలు పోగుపడతాయి. చూసినవాడు అక్కడేదో మహా యుద్ధం జరిగిందనుకుంటాడు. ఒక సెమినారులో ఇటువంటి మ్యాపును తెర మీద చూసి, ఎవరూ అడగనందుకు నేనే చెయ్యెత్తవలసి వచ్చింది. ఉమ్మడి పది జిల్లాలు 33గా మారిన తెలంగాణలోనూ, 13 జిల్లాలు 2022లో 26 అయిన ఆంధ్రప్రదేశ్‌లోనూ పాత సంఘటనలను కొత్త హద్దుల మీద వేసుకోవాలంటే అక్షాంశ రేఖాంశాలు ఉండటం పెద్ద ఉపకారమే. అయితే స్థల కచ్చితత్వం 3 ఉన్న వరుసలతో ఆ పని చేయకూడదు.

రెండు పక్షాల హింసనూ ఒకే కొలతతో కొలవడం ఈ సేవకున్న మరో బలం. మేరీల్యాండ్ విశ్వవిద్యాలయం వారి ఉగ్రవాద డేటాబేస్ జీటీడీ నిర్వచనం ప్రకారమే ప్రభుత్వేతర శక్తులకు పరిమితం. అక్కడ రాజ్యం చేసే హింస వెతికినా కనపడదు. (ఆ డేటాబేస్‌లో 1993 సంవత్సరం దాదాపు మొత్తంగా లేదు, పాత కార్డులు కార్యాలయం మారుతుండగా పోయాయి. ప్రపంచ ఉగ్రవాదం మీద గీసిన ఎన్నో గ్రాఫుల్లో ఆ ఏడాది ఖాళీ వెనుక ఉన్నది ఇళ్లు మారేవారందరికీ తెలిసిన ఆ పాత కథే.) యూసీడీపీలో మాత్రం పోలీసులు చంపిన పౌరులకూ, ఇన్‌ఫార్మర్ అన్న ముద్ర వేసి నక్సలైట్ దళాలు చంపిన గ్రామస్థులకూ ఒకే గది, అదే ఏకపక్ష హింస. 1990 అక్టోబరులో చర్లపల్లి దగ్గర కాకతీయ రైలు పెట్టెకు నిప్పుపెట్టి నలభై మందికి పైగా ప్రయాణికులను బలిగొన్న ఘటన వంటివాటిని చర్చించడానికి తెలుగు ప్రజాతంత్ర మేధావులు చాలాకాలం ఇబ్బంది పడ్డారు. వరంగల్‌లో గణితం చెప్పి, ఆ తర్వాత న్యాయవాది అయిన కె. బాలగోపాల్ రాజ్యహింసను ఎంత పట్టుదలతో నమోదు చేశారో, నక్సలైట్ల హింసను ప్రశ్నించే హక్కు కోసం సొంత ఉద్యమంతోనూ అంతే పట్టుదలగా వాదించారు. ఆ వాదన నుంచే 1998లో మానవ హక్కుల వేదిక పుట్టింది. 1997 నుంచి విశ్రాంత ఐఏఎస్ అధికారి ఎస్.ఆర్. శంకరన్ నాయకత్వంలో పనిచేసిన పౌర స్పందన వేదిక కూడా రెండు వైపులా చచ్చిపోతున్న పేదల లెక్క అడిగింది. 2004 అక్టోబరులో హైదరాబాదులో ప్రభుత్వానికీ నక్సలైట్లకూ మధ్య జరిగిన చర్చల వెనుక ఆ శ్రమ ఉంది. ఆ చర్చలకు ముందు నెలలనూ, అవి విఫలమైన 2005 జనవరి తర్వాతి నెలలనూ తేదీల వారీగా పక్కపక్కన పెట్టుకునే సదుపాయం ఈ ఫైలులో ఉంది. కాల్పుల విరమణ మీద ఎం.ఏ. ప్రాజెక్టు చేసేవారికి ఇంతకంటే మంచి మొదలు దొరకదు.

ఇక చిక్కు దగ్గరకు వస్తాను. ఈ లెక్కకు ముడిసరుకు వార్తలు. అంతర్జాతీయ వార్తా సంస్థల కథనాలు, బీబీసీ మానిటరింగ్ అనువాదాలు ప్రధానం. వాటికి తోడు స్థానిక మూలాలు, స్వచ్ఛంద సంస్థల నివేదికలు. ఫైలు మొదలయ్యే 1989లోనే ఈనాడు జిల్లా అనుబంధాలు కూడా మొదలయ్యాయన్నది కాకతాళీయమే గానీ, నాకు అది మనసులో నుంచి పోదు: మండల స్థాయి విలేకరి రాసిన నాలుగు వాక్యాల వార్త జిల్లా పేజీలో వస్తుంది, రాష్ట్ర పేజీకి చేరేసరికి రెండు వాక్యాలవుతుంది, హైదరాబాదు నుంచి ఇంగ్లీషు వార్తా సంస్థకు వెళ్లేసరికి ‘పోలీసులు తెలిపారు’ అన్న ఒక్క వాక్యం మిగులుతుంది. ఉప్సాలాలో కూర్చున్న విద్యార్థి చేతికి అందేది ఆ చివరి వాక్యం. అందులో పోలీసులకూ పీపుల్స్ వార్‌కూ మధ్య కాల్పులు జరిగాయని ఉంటే, సహజంగానే ఆ వరుస మొదటి రకంలో పడుతుంది, మృతుడు రెండో పక్షం వాడవుతాడు. అతణ్ణి నాలుగు రోజుల ముందు ఇంటి దగ్గర పట్టుకుపోయారని తల్లి నిజనిర్ధారణ కమిటీ ముందు చెప్పిన మాట, ఆ కమిటీ తెలుగులో అచ్చువేసిన పదహారు పేజీల కరపత్రం, వార్తా సంస్థ తీగల మీద ప్రయాణించవు.

అల్లర్లు అయిపోయాక వాటిని ఏ పేరుతో పిలవాలన్న పెనుగులాట కూడా ఆ హింసలో భాగమేనని, ఉత్తరప్రదేశ్ అల్లర్ల మీద జీవితకాలం పనిచేసిన పాల్ బ్రాస్ వాదించాడు. ఆ మాట మన ఎన్‌కౌంటర్లకు ఎంతగా వర్తిస్తుందో చెప్పనక్కరలేదు. ఎమర్జెన్సీలో, 1975 జూలైలో గిరాయిపల్లి అడవుల్లో నలుగురు యువకుల మరణాన్ని ప్రభుత్వం ఎదురుకాల్పులంది. 1977లో పౌరుల నిజనిర్ధారణ సంఘమైన తార్కుండే కమిటీ సాక్ష్యాలు సేకరించి అవి పట్టుకుని చంపిన హత్యలని తేల్చింది. ఆ తర్వాత ప్రభుత్వం వేసిన భార్గవ కమిషన్ విచారణ చివరిదాకా సాగలేదు. 2010 జూలైలో ఆదిలాబాద్ అడవుల్లో మావోయిస్టు నాయకుడు ఆజాద్‌తో పాటు జర్నలిస్టు హేమచంద్ర పాండే చనిపోయినప్పుడూ అంతే: పోలీసులది ఒక కథనం, పౌరహక్కుల సంఘాలది మరొకటి, రాజ్యం తన బిడ్డలను తానే చంపుకోరాదన్న అర్థంలో సుప్రీంకోర్టు వ్యాఖ్య చేసింది, సీబీఐ చివరకు పోలీసుల కథనాన్నే సమర్థించింది. ఇంతటి తగాదాను డేటాబేస్ ఒక్క గడిలో ఇమడ్చాలి: ఆ జర్నలిస్టు రెండో పక్షం మృతుడా, పౌరుడా? మృతుల సంఖ్య మీద తగాదా వస్తే మూడు అంకెలు ఉన్నాయి. మృతుడు ఎవరన్న దాని మీద తగాదా వస్తే మూడు గడులు లేవు. నా దృష్టిలో ఈ సేవకున్న అతి పెద్ద లోపం ఇదే. మూలాల పేర్లు ఒక కాలమ్‌లో ఇస్తారు కాబట్టి ఏ వార్త ఆధారంగా రాశారో మనం తిరిగి వెతుక్కోవచ్చు. ఆ దారి మూసెయ్యనందుకు వారిని మెచ్చుకోవాలి. కానీ వెతికేవాళ్లు ఎందరు? చాలామంది నమ్మదగిన అంచనా ఉండే ‘బెస్ట్’ అన్న కాలమ్ కూడి, గ్రాఫు గీసి, పేపరు సమర్పిస్తారు.

కోడ్‌బుక్‌లో మరో నియమం ఉంది. ఏకపక్ష హింస కింద ప్రభుత్వ నిర్బంధ స్థలాల్లో జరిగే చట్టాతీత హత్యలను లెక్కించరు. ప్రపంచమంతటికీ ఒకే కొలబద్ద పెట్టాలంటే, జైలు గోడల లోపలి మరణాలకు నమ్మదగిన సమాచారం అన్ని దేశాల నుంచీ రాదు కనుక, ఇటువంటి హద్దు అవసరమని వారి సమర్థన ఊహించగలను. అయితే లాకప్ మరణాలతోనే పౌరహక్కుల ఉద్యమం అక్షరాలు దిద్దిన రాష్ట్రం మనది. పోలీసుస్టేషనులో చచ్చిపోయినవాడు ఈ లెక్కలో లేడు. అదే మనిషిని స్టేషను నుంచి అడవికి తీసుకెళ్లి చంపి ఎదురుకాల్పులంటే యుద్ధ మృతుడిగా లెక్కలోకి వస్తాడు. ఈ వింతను గ్రహించకుండా తెలుగు జిల్లాల మీద ఏ నిర్ధారణకు వచ్చినా అది తలకిందులయ్యే ప్రమాదం ఉంది.

ఈ సేవను నేను వెతకడం మొదలుపెట్టిందే హింసకు వ్యతిరేకంగా నోరు విప్పినవారి కోసం. నియమాలు చదివాక వారికి ఇందులో చోటు దొరకడం ఎంత కష్టమో అర్థమైంది. 1985 సెప్టెంబరు 3న వరంగల్‌లో ఎస్సై యాదగిరి రెడ్డి శవయాత్ర నుంచి విడివడి వచ్చినవారు క్లినిక్‌లోకి జొరబడి పిల్లల డాక్టరు రామనాథాన్ని కాల్చి చంపారు. ఆయన పౌరహక్కుల సంఘం ఉపాధ్యక్షుడు. 1991 డిసెంబరులో అదే ఊరిలో న్యాయవాది నర్రా ప్రభాకర్ రెడ్డి, 2000 నవంబరులో హైదరాబాదులో పురుషోత్తం, 2001 ఫిబ్రవరిలో నల్గొండలో ఆజం అలీ, అందరూ పౌరహక్కుల కార్యకర్తలే, హతులయ్యారు. రామనాథం మరణం కాలపరిమితికి ముందుదని సరిపెట్టుకుందాం. మిగతావారిని చంపినది ‘గుర్తుతెలియని వ్యక్తులు’, లేదా గ్రీన్ టైగర్స్ వంటి పేర్లతో అప్పుడప్పుడు ప్రకటనలిచ్చి మాయమయ్యే ముఠాలు. చంపినవాడు ఎవరో గుర్తించనిదే, ఆ బృందం ఏడాదికి 25 మందిని చంపనిదే, నియమం తలుపు తెరవదు. అంటే ఎన్‌కౌంటరు మృతుల పేర్లు ఊరూరా తిరిగి రాసుకున్నవారు, తాము చనిపోయినప్పుడు ఆ లెక్కకు అందకుండా పోతారు. కర్ణాటక, మహారాష్ట్రల్లో దభోల్కర్, పన్సారే, కల్బుర్గి, గౌరీ లంకేశ్‌ల హత్యలకూ ఇదే నియమం అడ్డు. ఇది ఉప్సాలా వారి పక్షపాతం కాదు. సాయుధ ఘర్షణను కొలిచే తూకంతో మాట్లాడే మనిషి హత్యను తూచాలని మనం ఆశించడం వల్ల వచ్చే నిరాశ.

కుల హింస విషయం ఇంకా సూటిగా బయటపడుతుంది. 1991 ఆగస్టు 6న చుండూరులో ఎనిమిది మంది దళితులను చంపి కాలువలో పడేశారు. చంపినవారు పేరూ నిర్మాణమూ ఉన్న సాయుధ సంస్థ కాదు, చనిపోయినవారు తిరిగి తలపడిన పక్షం కాదు, సంఖ్య 25 కాదు. మూడు తలుపులూ మూతే. దేశాన్ని కదిలించిన ఊచకోతకు చోటివ్వని ఫైలును ‘రాజకీయ హింస మొత్తం’ అని పిలిచే అలవాటు మన పరిశోధకులు మానుకోవాలి; యూసీడీపీ వారు ఆ మాట అనరు, వాడుకునేవారే అంటారు. హైదరాబాదు 1948 సంగతీ అటువంటిదే. నిజాం రాజ్యానికీ భారత ప్రభుత్వానికీ మధ్య జరిగిన యుద్ధం, కమ్యూనిస్టుల సాయుధ పోరాటం వీరి పాత జాబితాలో ఉన్నాయి. పోలీసు చర్య సమయంలోనూ తర్వాతా జరిగిన, సుందర్‌లాల్ కమిటీ 27 వేల నుంచి 40 వేల దాకా అంచనా కట్టిన జనహననానికి మాత్రం ఏకపక్ష హింస గది లేదు, ఎందుకంటే ఆ గది 1989లోనే తెరిచారు.

ప్రత్యామ్నాయాలు చూడని సమీక్ష సగమే కాబట్టి రెండు ముక్కలు. క్లియోనా రాలీ ప్రారంభించిన మరో ఘర్షణల డేటాబేస్ ఏక్లెడ్‌కు 25 మృతుల గీత లేదు. అల్లర్లు, నిరసనలు, గుర్తుతెలియని ముఠాల దాడులు కూడా అందులో వరుసలవుతాయి, కనుక మాట్లాడేవారి మీద దాడులకు అది ఎక్కువ అనుకూలం. అయితే ఖాతా తెరవాలి, పైగా భారతదేశం సమాచారం 2016 నుంచే ఉంది. అప్పటికి మన ఉద్యమ చరిత్రలో ముఖ్యమైన అధ్యాయాలు ముగిసిపోయాయి. మతకలహాలకైతే ఆశుతోష్ వర్ష్ణే, స్టీవెన్ విల్కిన్సన్ 1950 నుంచి 1995 వరకు టైమ్స్ ఆఫ్ ఇండియా బొంబాయి ప్రతి చదివి తయారుచేసిన జాబితా ఇప్పటికీ ఆధారం; హైదరాబాదు పాతబస్తీ మీద పనిచేసేవారికి అది తప్పనిసరి. జర్నలిస్టుల హత్యలకు 1992 నుంచి జర్నలిస్టుల రక్షణ కమిటీ (సీపీజే) లెక్క ఉంది. అందులో హత్యకు వృత్తే కారణమని నిర్ధారణ అయినవీ, కానివీ వేరు చేసి చూపుతారు. యూసీడీపీ అరువు తెచ్చుకోదగిన అలవాటు ఇది.

ఎవరికి సిఫారసు చేస్తానంటే, జిల్లా, నెల, పక్షం వారీగా సాయుధ ఘర్షణ ధోరణి తెలుసుకోవాలనుకునేవారికి నిస్సందేహంగా చేస్తాను; ఆ పనికి ఇంత పారదర్శకమైన, ఉచితమైన ఫైలు మరొకటి నేను చూడలేదు. ఒక్కొక్క మరణం మీద రాసేవారు దీనితో మొదలుపెట్టవచ్చు గానీ దీనితో ఆగకూడదు. ఉమ్మడి హైకోర్టు ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 2009 ఫిబ్రవరిలో ప్రతి ఎన్‌కౌంటరు మరణానికీ ఎఫ్ఐఆర్ నమోదు చేయాలని తీర్పు చెప్పింది. సుప్రీంకోర్టు దానిని నిలిపివేసినా, 2014లో పౌరహక్కుల సంస్థ పీయూసీఎల్ వేసిన కేసులో 16 మార్గదర్శకాలు ఇచ్చింది. మెజిస్టీరియల్ విచారణ, స్వతంత్ర దర్యాప్తు అనే మాటలు అప్పటి నుంచి కాగితాల మీదకు వచ్చాయి. 2014 తర్వాతి సంఘటనలకు ఆ కాగితాలు వార్త పక్కన పెట్టుకోదగిన మూలం. అంతకు ముందువాటికి నిజనిర్ధారణ నివేదికలే గతి. వాటిలో చాలా భాగం వ్యక్తుల ఇళ్లలో, అట్టపెట్టెల్లో, చెదల దయ మీద ఉన్నాయి.

ప్రస్తుతం నేను వాడుతున్న ఫైలులో తెలుగు జిల్లాల వరుసలను విడదీసి, చివర నాలుగు కాలమ్‌లు కలుపుకున్నాను: పోలీసుల కథనం, కుటుంబం కథనం, నిజనిర్ధారణ జరిగిందా లేదా, నివేదిక ఎవరి దగ్గర ఉంది. మొదటి కాలమ్ దాదాపు నిండింది. మిగతా మూడింటి కోసం వచ్చే నెల హనుమకొండలో ఒక పాత న్యాయవాది ఇంటికి వెళ్లాలి. అటక మీద నాలుగు పెట్టెలున్నాయని, నిచ్చెన మాత్రం నన్నే తెచ్చుకోమని చెప్పారు.